కాలు ఇస్తే... తాయిలం!

గోళ్లు తీసే కట్టర్ బయటికి తీయగానే టామీ మంచం కింద దూరుతుంది. ఒకరు మెడ పట్టుకుంటే, ఇంకొకరు కాళ్లు పట్టుకుంటారు. ఆ పెనుగులాటలో గోరు లోతుగా తెగి రక్తం వస్తుంది. మరోసారి కట్టర్ కనిపిస్తే చాలు, పళ్లు చూపిస్తుంది. కుక్కను పెంచే చాలా ఇళ్లలో ఇదే తంతు.

అలాగని వదిలేయడానికీ లేదు. గోళ్లు మరీ పెరిగితే నడక మారిపోతుంది. ముందుకాలికి లోపలివైపు కాస్త పైన ఉండే గోరు నేలకు తగలదు కాబట్టి అరగదు. పట్టించుకోకపోతే గుండ్రంగా తిరిగి చర్మంలోకి గుచ్చుకుంటుంది.

బలవంతం బదులు తాయిలంతో మచ్చిక చేసుకోవడమే దీనికి మందు. ఉప్పు, కారం, ఉల్లి లేకుండా ఉడికించిన చికెన్‌ను శనగగింజంత ముక్కలు చేసుకోండి. చాక్లెట్, ద్రాక్ష, కిస్‌మిస్ మాత్రం పెట్టకూడదు.

* మొదట కట్టర్‌ను నేలమీద ఉంచండి. కుక్క వచ్చి వాసన చూస్తే ఓ ముక్క పెట్టండి.
* తర్వాత కాలు ముట్టుకుని వదిలేయండి. వెంటనే తాయిలం. ముందు ముట్టుకోవడం, ఆ తర్వాతే తినిపించడం... ఈ వరస తప్పకూడదు.
* దానికి అలవాటు పడ్డాక కాలు పట్టుకుని, గోరును మెల్లగా నొక్కండి.
* ఆపైన కట్టర్‌ను గోరుకు ఆనించండి. కత్తిరించవద్దు.
* చివరికి ఒక్క గోరు, అదీ కొన మాత్రమే తీయండి.

రోజుకు రెండు మూడు నిమిషాలు చాలు. కాలు వెనక్కి లాక్కున్నా, ముఖం తిప్పేసుకున్నా, పదేపదే మూతి నాక్కున్నా భయపడుతోందని అర్థం. అప్పుడు ఒక మెట్టు వెనక్కి రావాలి. గుర్రుమంటే కొట్టకండి. అది హెచ్చరిక. దాన్ని అణచేస్తే ఈసారి చెప్పకుండానే కరుస్తుంది.

గోరు లోపల రక్తనాళం, నరం ఉంటాయి. తెల్లగోళ్లలో గులాబీరంగులో కనిపిస్తాయి. నల్లగోళ్లలో కనిపించవు కాబట్టి కొద్దికొద్దిగానే తీయాలి. పొరపాటున రక్తం వస్తే కార్న్‌ఫ్లోర్ అద్ది, శుభ్రమైన గుడ్డతో కొన్ని నిమిషాలు నొక్కిపట్టండి. ఆగకపోతే పశువైద్యుడికి చూపించాలి. ఇన్నాళ్లూ బుద్ధిగా కాలిచ్చిన కుక్క ఉన్నట్టుండి ముట్టుకోనివ్వకపోయినా అంతే, ఎక్కడో నొప్పి ఉండొచ్చు.

చాలా కుక్కలకు ఉండేది 18 గోళ్లు. అన్నీ ఒక్కరోజే తీయాలన్న నియమమేమీ లేదు. రోజుకొకటి చొప్పున తీసినా మూడు వారాల్లోపే పూర్తవుతాయి. ఈలోగా కట్టర్ కనిపిస్తే మంచం కిందికి కాదు, మీ ఒళ్లోకి రావడం టామీకి అలవాటవుతుంది.