క్షయతిథి, లవణోపాఖ్యానం: కాలం లోపించినప్పుడు కర్తవ్యం

కాలమే మిథ్య అయినప్పుడు తిథి ఏమిటి, తద్దినం ఏమిటి అన్న ప్రశ్న వేదాంతగోష్ఠులలో తరచుగా వినవస్తుంది. అడిగేవారు ప్రమాణంగా చూపేది ప్రాయికంగా యోగవాసిష్ఠాన్నే. ఆ మహాగ్రంథాన్ని ఆలస్యానికీ అశ్రద్ధకూ అండగా నిలబెట్టడం దానిపట్ల అపచారమని నా అభిప్రాయం.

లవణోపాఖ్యానాన్నే పరిశీలిద్దాం. హరిశ్చంద్ర వంశీయుడైన లవణ మహారాజు కొలువులో ఒక ఐంద్రజాలికుడు నెమలిపింఛాన్ని త్రిప్పుతాడు. ఎదుట నిలిచిన అశ్వాన్ని చూస్తూనే రాజు నిశ్చేష్టుడవుతాడు. సభాసదులకు గడిచినది రెండు ముహూర్తాలు మాత్రమే. రాజుకు మాత్రం ఒక జీవితమే గడిచిపోయింది. అశ్వం అతనిని అరణ్యంలోకి కొనిపోయింది. క్షుధార్తుడై చండాలకన్య పెట్టిన అన్నం తిన్నాడు, ఆమెను వివాహమాడాడు, బిడ్డలను కన్నాడు, వృద్ధుడయ్యాడు. చివరకు దుర్భిక్షం వచ్చింది. ఆకలితో అలమటించే పసివానికి తన మాంసమే ఆహారం కావాలని అగ్నిప్రవేశానికి ఉద్యుక్తుడైన క్షణంలో సింహాసనం మీద కన్నులు తెరిచాడు.

ఇంతవరకే చెప్పి, చూశారా, అంతా మాయ అని ముగించే ప్రవచనాలు నేను చాలా విన్నాను. కథ అక్కడ ముగియదు. మరునాడు లవణుడు వింధ్యారణ్యానికి బయలుదేరుతాడు. ఆ పల్లె ఉన్నది. కరవు మిగిల్చిన ఆనవాళ్లు ఉన్నవి. అల్లునీ కూతురునీ మనుమలనూ తలచి విలపించే వృద్ధురాలు ఉన్నది. రెండు ముహూర్తాలలో ఇమిడిన ఆ జీవితం శోకించే మనిషిని మిగిల్చింది. రాజు ఆమెను ఓదార్చాడు. భ్రమయని తోసివేసే అవకాశం అతనికంటే ఎక్కువగా ఎవరికున్నది? ఉపశమ ప్రకరణంలోని గాధి కథకూ ఇదే పోకడ: నీటిలో మునిగిన క్షణంలో అనుభవించిన జన్మకు సాక్ష్యాలు వెదకుతూ ఆ విప్రుడు దేశాలు తిరిగాడు, సాక్ష్యాలు దొరికాయి కూడా.

కాలపరిమాణం చిత్తాన్ని బట్టి, లోకాన్ని బట్టి మారుతుందన్నది మన వాఙ్మయానికి క్రొత్త మాట కాదు. రేవతికి వరుని అడుగవచ్చి బ్రహ్మసభలో గానం ముగిసేవరకు వేచియున్న కకుద్మికి, భూమిపై ఇరువది ఏడు చతుర్యుగాలు గడిచాయని భాగవతం చెబుతుంది. తాను ఎంచుకున్న వరులూ వారి వంశాలూ గతించినా, కూతురు వివాహమనే కర్తవ్యాన్ని ఆ రాజు విడువలేదు. భూమికి తిరిగివచ్చి ఆమెను బలరామునికిచ్చి, అటుపిమ్మటనే తపస్సుకు వెళ్లాడు.

ఇక మన పంచాంగంలోని ఎగుడుదిగుడుల సంగతి. సూర్యచంద్రుల మధ్య పన్నెండు అంశల అంతరం పెరిగితే ఒక తిథి. చంద్రగతి ఏకరీతిగా ఉండదు గనుక తిథి ప్రమాణమూ ఒకటిగా ఉండదు. అది 54 మొదలు 65 ఘడియల వరకు ఉంటుందని పూర్వపద్ధతి. 50 మొదలు 67 వరకు పోగలదని దృగ్గణితం. పంచాంగకర్తల కలహాలలో అధికభాగానికి మూలం ఈ నాలుగైదు ఘడియలే! ఆకాశంలో కనబడేదానికి ఒదిగే గణితమే గ్రాహ్యమని నేను భావిస్తాను. మాసాలకూ ఇదే అస్థిరత. చాంద్రమానం ఏటా సుమారు 11 రోజులు వెనుకబడుతుంది గనుక అధికమాసం వస్తుంది. అరుదుగా ఒక మాసమే లోపిస్తుంది. క్షయమాసం 141 ఏండ్లకు, ఒక్కొక్కప్పుడు 19 ఏండ్లకు వస్తుందని భాస్కరాచార్యుడు సిద్ధాంతశిరోమణిలో తెలిపాడు. 1822 తరువాత అది 1963-64లోను, మరల 1982-83లోను వచ్చింది. ఆ లెక్క ఎంత సూటిగా సరిపోయిందో చూడండి.

మాసం లోపిస్తే ఆ మాసపు కర్మలు లోపించవలసినదే కదా? నిబంధకారులు అలా విడువలేదు. క్షయమాసంలో ప్రతి తిథి పూర్వార్ధాన్ని మొదటి మాసానికి, ఉత్తరార్ధాన్ని రెండవ మాసానికి లెక్కించి, జనన మరణ తిథులకు చోటు కల్పించారు.

పితృతిథి క్షయమైన ఏడు ఇంట చేసే వెదకులాట పలువురికి అనుభవమే. తండ్రి తిథి పంచాంగంలో సూర్యోదయానికి లేదు. ఆ తిథి పోయిందేమోనన్న బెంగ. ఇక్కడ గణితాన్ని కొంచెం ఓపికగా చూడాలి. క్షయతిథి అంటే ఒక సూర్యోదయం తరువాత మొదలై మరుసటి సూర్యోదయానికి ముందే ముగిసేది. దాని కనిష్ఠ ప్రమాణం 50 ఘడియలు గనుక, అది ఉదయాత్పరం 10 ఘడియలలోపు మొదలు కాకతప్పదు. ప్రత్యాబ్దికానికి ప్రమాణం ఉదయం కాదు, అపరాహ్ణం, అనగా పగటిని అయిదు భాగాలు చేస్తే నాలుగవది. పగలు 30 ఘడియలైతే అది 18వ ఘడియ నుండి 24వ ఘడియ వరకు. అంటే ఉదయానికి కనబడని తిథి అపరాహ్ణమంతా పరిపూర్ణంగా వ్యాపించియే ఉంటుంది. క్షయమన్నది పేరుకు మాత్రమే.

విదేశాలలో ఉన్న మనవారికీ ఇదే సూత్రం. తిథి ఆరంభం లోకమంతటికీ ఒకే క్షణం. అపరాహ్ణం మాత్రం ఊరూరికి వేరు. రాజమహేంద్రవరంలోని అన్న బుధవారం, చికాగోలోని తమ్ముడు మంగళవారం తండ్రికి పిండప్రదానం చేస్తే, ఇద్దరూ ఒకే తిథిని పాటించినవారే కావచ్చు. తమ్ముడు అక్కడి సూర్యునికి గణించిన పంచాంగం చూచుకొనడం చాలు. ఎవరి తేదీ సరియైనదని ఫోనులో వాదులాడుకొని, ఆ కోపంతో ఒకరు ఆ యేటి తద్దినమే మానుకొన్న ఇండ్లు నాకు తెలుసు.