రెండేళ్ల వాడు ఎవరి లెక్కలో ఉన్నాడు?

కోనసీమలోని అప్పనపల్లిలో గుడి సందడి వదిలి లోపలి వీధుల్లోకి వెళితే కొబ్బరి చెట్ల నీడన ఇళ్లు. పంచ దిగితే దొడ్డి, దొడ్డి దాటితే బోదె, చిన్న నీటి కాలవ. అలాంటి ఒక ఇంటి పంచలో ఒక అమ్మమ్మ కత్తిపీట ముందు కూర్చుని చేపలు బాగు చేస్తోంది. ఏడాదిన్నర మనవడి నడుముకి పాత చీర పేలిక చుట్టి, రెండో కొస మంచం కోడుకి ముడేసింది. వాడి కాళ్లకి మువ్వల పట్టీలు. కట్టేశారేంటండీ అంటే చెయ్యి ఆపకుండానే జవాబిచ్చింది: "మరేం చెయ్యమంటారండీ? ఎనకాల బోదుంది. మువ్వల సప్పుడు ఇనపడినంతసేపూ పర్లేదండి. అది ఆగిందంటేనే నా పేణం ఎగిరిపోద్దండి."

ఆవిణ్ణి తప్పుపట్టాలనుకునేవాళ్లు ఒక్క పూట ఆ పంచలో కూర్చుని చూడాలి. అరవై దాటిన మనిషి. వంట, నీళ్లు, గేదె, రేషన్. వీటన్నిటి మధ్య కాళ్లొచ్చిన పసివాడు. వాడి తల్లి కువైట్‌లో ఉంది. అక్కడ ఎవరి ఇంట్లోనో వాళ్ల పిల్లల్ని చూసుకునే పని.

కోనసీమలో ఇదేం వింత కాదు. అప్పు తీరిందన్నా, పెంకుటిల్లు డాబా అయిందన్నా, చెల్లెలి పెళ్లి జరిగిందన్నా చాలా ఇళ్లల్లో వెనకాల ఉన్నది గల్ఫ్ డబ్బే. ఇంటిపనికి వెళ్లే ఆడవాళ్లకి ముప్ఫై ఏళ్లు నిండాలని ప్రభుత్వం నిబంధన పెట్టింది. ఏజెంట్లు విజిట్ వీసా మీద దాన్ని దాటించేయడం కూడా అందరికీ తెలిసిందే. అమెరికన్ సామాజిక శాస్త్రవేత్త ఆర్లీ హోక్‌షీల్డ్ 2000లో దీన్నొక గొలుసు అంది. డబ్బున్న దేశపు బిడ్డని పేద దేశపు తల్లి పెంచుతుంది, ఆ తల్లి కన్న బిడ్డని ఊళ్లో ఇంకెవరో పెంచుతారు. ఆ గొలుసు చివరి కొక్కెం మన మామిడికుదురు మండలంలో మంచం కోడుకి తగిలి ఉంది.

తల్లి ఊళ్లోనే ఉన్నా పెద్ద తేడా లేదు. కొబ్బరి పని, పీచు పని, రొయ్యల చెరువులు, ఉపాధి పని. పొద్దున్నే వెళ్లిన మనిషి మధ్యాహ్నానికి గాని ఇంటికి రాదు. అంతవరకూ బిడ్డ ఎవరి దగ్గర?

అంగన్‌వాడీ ఉంది కదా అంటారు. ఉంది. 1975 అక్టోబరు 2న దేశంలో 33 బ్లాకుల్లో మొదలైన పథకం, ఈవేళ మన రాష్ట్రంలోనే 55 వేల పైచిలుకు కేంద్రాలు. కానీ అక్కడ కూర్చోబెట్టి ఆడించి పాడించేది మూడేళ్లు నిండిన వాళ్లని. అంతకంటే చిన్నవాళ్లకి ఇంటికి సరుకులిస్తారు, బరువు తూస్తారు, టీకా తేదీ గుర్తు చేస్తారు. అక్కడితో సరి. చట్టం తీరూ అంతే. 2002లో 86వ రాజ్యాంగ సవరణ చేసినప్పుడు ఆరు నుంచి పద్నాలుగేళ్ల వాళ్లకి చదువు హక్కయింది. ఆరేళ్ల లోపు వాళ్ల సంగతి 45వ అధికరణంలో పెట్టి, ప్రభుత్వం ప్రయత్నించాలి అని సరిపెట్టారు. నడక వచ్చిన దగ్గర్నుంచి మూడో ఏడు నిండేదాకా ఉన్న బిడ్డ అటు ఆసుపత్రి లెక్కలోనూ లేడు, ఇటు బడి లెక్కలోనూ లేడు.

పోనీ అది అంత పట్టించుకోనక్కర్లేని వయసా? నీళ్ల మధ్య బతికే వాళ్లకి ఆ మాట చెప్పక్కర్లేదు. మనలాంటి డెల్టా దేశం బంగ్లాదేశ్. అక్కడ ఏడాది నుంచి నాలుగేళ్ల లోపు పిల్లలు ఎక్కువగా ఇంటికి కూతవేటు దూరంలో ఉన్న గుంటల్లోనే, పొద్దున తొమ్మిది నుంచి ఒంటిగంట లోపే మునిగిపోతున్నారని తేలింది. అది తల్లులు ఇంటిపనిలో తలమునకలయ్యే వేళ. దానికి వాళ్లు గోడలు కట్టలేదు, పెద్ద భవనాలూ లేపలేదు. ఊళ్లోనే ఒకావిడ ఇంట్లో, ఆ నాలుగు గంటలూ పాతిక మంది పిల్లల్ని చూసుకునే ఏర్పాటు చేశారు. అక్కడికి వచ్చిన పిల్లల్లో నీటి చావులు నూటికి ఎనభైకి పైగా తగ్గాయి. నీట మునకల నివారణకి ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పే పద్ధతుల్లో ఇదొకటి. 2022 జులైలో ధవళేశ్వరం దగ్గర వరద 25 లక్షల క్యూసెక్కులు దాటితే ఊరంతా లెక్కపెట్టుకుంటూ కూర్చున్నాం. బిడ్డని మింగడానికి అన్ని నీళ్లు అక్కర్లేదు, మోకాలి లోతు బోదె చాలు.

ప్రాణం ఒక్కటే కాదు, మాటా అంతే. పసివాడు ఏదో అంటాడు, ఎదుటి మనిషి ఊ కొడతారు, వాడు మళ్లీ అంటాడు. ఈ ఇచ్చిపుచ్చుకోవడంలోనే మెదడు అల్లుకుంటుందని శాస్త్రజ్ఞులు చెబుతున్నారు. తారంగం ఆడించిన ప్రతి ముసలమ్మకీ ఆ సంగతి ముందే తెలుసు. దీనికి గట్టి రుజువు జమైకా నుంచి వచ్చింది. 1986-87లో కింగ్‌స్టన్ పేటల్లో ఎదుగుదల ఆగిపోయిన 129 మంది పసివాళ్లని ఎంచుకుని, కొందరికి పోషకాహారం ఇచ్చారు. కొందరి ఇళ్లకి వారానికొక గంట ఆరోగ్య కార్యకర్త వెళ్లి, పారేసే డబ్బాలతో, ముక్కలతో చేసిన బొమ్మలిచ్చి, తల్లి చేత ఆడించి, మాట్లాడించింది. కొందరికి రెండూ ఇచ్చారు, కొందరికి ఏదీ లేదు. రెండేళ్లు సాగిందిది. ఇరవై ఏళ్ల తర్వాత చూస్తే, ఆటా మాటా అందిన పిల్లల సంపాదన అందనివాళ్ల కంటే పాతిక శాతం ఎక్కువ. ఒట్టి ఆహారమే తీసుకున్న వాళ్ల సంపాదనలో ఆ తేడా కనపడలేదు.

తిండి వృథా అని నేననడం లేదు. మన దగ్గరే, 1987 నుంచి 1990 వరకు హైదరాబాద్ చుట్టుపక్కల 29 పల్లెల్లో ఒక ప్రయోగం జరిగింది. కొన్ని ఊళ్లలో గర్భిణులకీ ఆరేళ్ల లోపు పిల్లలకీ అంగన్‌వాడీ ఆహారం అందింది, మిగతా ఊళ్లకి పథకం అప్పటికింకా రాలేదు. యుక్తవయసుకి వచ్చాక కొలిస్తే, ఆహారం అందిన ఊళ్ల పిల్లలు మిగతా ఊళ్ల వాళ్లకంటే 14 మిల్లీమీటర్లు పొడుగున్నారు. కోడిగుడ్డు, పాలు, బాలామృతం ఇవ్వాల్సిందే. కాకపోతే మన పథకానికి గుడ్ల లెక్క ఉంది గాని ఆ బిడ్డతో ఎవరు ఎంతసేపు మాట్లాడారన్న లెక్క లేదు. జమైకా బొమ్మల కోసం మనం ఎక్కడికీ పోనక్కర్లేదు. కొబ్బరాకు బూర, తాటికాయల బండి ఈ మట్టిలో పుట్టినవే. కావలసింది చేసిచ్చే తీరిక ఉన్న మనిషి.

పాత రోజుల్లో ఇవన్నీ ఉన్నాయా, వీధంతా కలిసి పెంచేది కాదా అంటారు. కొంత నిజం. అరుగు మీద కూర్చున్న నలుగురు పెద్దవాళ్ల కంట పడకుండా పిల్లాడు వీధి దాటేవాడు కాదు. అయితే ఆ పద్ధతి ఎవరి భుజాల మీద నడిచిందో కూడా చెప్పుకోవాలి. చంటివాణ్ణి చంకనేసుకుని తిరిగిన ఎనిమిదేళ్ల అక్క. తమ్ముణ్ణి ఎత్తుకోవడానికే బడి మానేసిన పిల్ల. ఆ పిల్ల ఇప్పుడు బడికెళుతోంది, వెళ్లాలి కూడా. ఆమె స్థానంలో ఎవర్నీ పెట్టకుండా పాత ఊరు పోయిందని వగచడం నాకు నచ్చదు. డబ్బున్నవాళ్లు రెండున్నరేళ్లకే వ్యానెక్కించి అమలాపురం పంపి ఏబీసీడీలు దిద్దిస్తున్నారు. అది ఇంకో రకం తప్పు, మరో వారం రాసుకోవచ్చు.

పల్లెల్లో పిల్లల్ని చూసుకునే కేంద్రాల ఆలోచన మన గోదావరి గడ్డకి కొత్త కాదు. 1953లో ఏర్పడిన కేంద్ర సాంఘిక సంక్షేమ బోర్డుకి మొదటి అధ్యక్షురాలు రాజమండ్రి ఆడపడుచు దుర్గాబాయి దేశ్‌ముఖ్. ఊళ్లల్లో బాలవాడీలకి దారి వేసింది ఆ బోర్డే. 2005 ఉపాధి హామీ చట్టంలోనూ ఒక మాట రాశారు. పని దగ్గరికి ఆరేళ్ల లోపు పిల్లలు అయిదుగురు, ఆపైన వస్తే, వాళ్లని చూసుకోవడానికి కూలీల్లోనే ఒకావిణ్ణి పెట్టాలని. పని ప్రదేశాల్లో ఆవిణ్ణి వెతికి చూడండి. పక్కనే కర్ణాటక మాత్రం ఆ మాటని పట్టుకుంది. ‘కూసిన మనె’ పేరుతో పంచాయతీల్లోనే శిశు గృహాలు పెట్టింది. 2023-24 బడ్జెట్‌లో నాలుగు వేల పంచాయతీలకి ప్రకటించారు. కేంద్రం ‘పాల్నా’ కింద అంగన్‌వాడీ కేంద్రాలకే శిశు సంరక్షణని జోడిస్తామంది. దేశం మొత్తానికి 17 వేలు. ఆరు నెలల నుంచి ఆరేళ్ల దాకా, రోజుకి ఏడున్నర గంటలు, నెలకి 26 రోజులు. కాగితం మీద మంచి పథకం. మా లంకలకి రావాలి, అంతే.

వస్తే ఆ భారం ఇప్పుడున్న అంగన్‌వాడీ టీచర్ నెత్తిన పెట్టకూడదు. 11,500 రూపాయల జీతం మీద ఆమె వంట సరుకుల దగ్గర్నుంచి ఫోన్‌లో పోషణ్ ట్రాకర్ దాకా అన్నీ చూస్తోంది. 2023 డిసెంబరు 12న మొదలైన అంగన్‌వాడీల సమ్మె 42 రోజులు సాగింది. మధ్యలో సమ్మెల్ని నిషేధించే ఎస్మా చట్టం కూడా ప్రయోగించారు. ఆ సమ్మెలో కేంద్రాల తాళాలు పగలగొట్టినంత తొందర, వాళ్ల జీతాల మీద ఎవరికీ కనపడలేదు. మూడేళ్ల లోపు పిల్లల్ని చూడాలంటే వేరే మనిషి కావాలి, వేరే జీతం కావాలి.

డబ్బు ఎక్కడిది అంటారా? ఈ మండలం భూమి కింద గ్యాస్ ఉంది. 1995 జనవరిలో అంటుకున్న పాశర్లపూడి గ్యాస్ బావి మంట రెండు నెలలు ఆరలేదు. 2014 జూన్ 27న నగరం అనే ఊళ్లో గెయిల్ పైపులైన్ పేలి ఇరవై మందికి పైగా చనిపోయారు. పిల్లలూ ఉన్నారు. ఇక్కడి నేల నుంచి లాభం తీసే కంపెనీలకి 2013 కంపెనీల చట్టం ప్రకారం లాభంలో రెండు శాతం సమాజానికి ఖర్చు పెట్టే బాధ్యత ఉంది. బస్ షెల్టర్లూ స్వాగత ద్వారాలూ చాలు. బోదె పక్క ఊళ్లల్లో శిశు గృహాలకి జీతాలు కట్టమనండి. అప్పనపల్లి విషయానికొస్తే, కొబ్బరి వర్తకుడు మొల్లేటి రామస్వామి మొదలుపెట్టిన గుడి ఈవేళ వచ్చిన యాత్రికులకి అన్నం పెడుతోంది. వంట, సరుకులు, వడ్డన నడిపించడం తెలిసిన ఊరిది. పాతిక మంది పసివాళ్లకి పూటకింత మెత్తన్నం ఇక్కడ సమస్య కాదు.

2024 ఆగస్టు 23న రాష్ట్రంలో 13,326 పంచాయతీల్లో ఒకే రోజు గ్రామసభలు జరిగాయి. ఉపాధి పనుల మీద, రోడ్ల మీద, కాలువల మీద తీర్మానాలు చేశారు. అప్పనపల్లిలో మళ్లీ గ్రామసభ పెట్టినప్పుడు ఎజెండాలో ఇంకో అంశం రాయించాలి: ఊళ్లో మూడేళ్ల లోపు పిల్లలు ఎంతమంది, వాళ్లల్లో పగలు అమ్మ ఇంట్లో లేనివాళ్లు ఎంతమంది, బోదెకి దగ్గరగా ఉన్న ఇళ్లు ఎన్ని. ఆశా కార్యకర్తా అంగన్‌వాడీ టీచరూ కూర్చుంటే ఒక్క పూటలో తేలే లెక్క. ఆ జాబితా చేతిలో పెట్టుకుని అమలాపురం కలెక్టరేట్‌కి పాల్నా కేంద్రం కోసం అర్జీ పెట్టాలి. వరదల నెలల్లో ఊరి కాజ్‌వే మునిగినప్పుడు ఆ కేంద్రం ఏ మిట్ట మీద నడుస్తుందో కూడా అందులోనే రాయాలి.