ఇంటింటి విజ్ఞానం: పచ్చి టమాటాకు కాపలాదార్లు

పిల్లలూ! జహీరాబాదు ఎక్కడ వున్నదో తెలుసా? హైదరాబాదు నుంచి ముంబాయి పోయే రోడ్డు మీద, సంగారెడ్డి జిల్లాలో, కర్ణాటక సరిహద్దుకు దగ్గిరగా వున్నది. సముద్రమట్టానికి ఆ వూరు సుమారు 600 మీటర్ల ఎత్తు. ఆ చుట్టుపక్కల కోహిర్, న్యాల్‌కల్ వంటి చోట్ల చలికాలపు రాత్రులు గజగజలాడిస్తాయి.

ఆ చలికి టమాటాలు కూడా జంకుతాయి. చల్లదనం పెరిగినకొద్దీ కాయలు పండటం మందగిస్తుంది. 10 డిగ్రీల దగ్గిర దాదాపు ఆగిపోతుంది. అట్లా మిగిలిన పచ్చికాయలను పారవెయ్యనక్కర్లేదు. తెలంగాణాలో వాటితో తొక్కు పెడతారు. ఆ తొక్కు నెలల తరబడి కుళ్ళకుండా ఎందుకు వుంటుంది?

కాయను కోసి ఊరికే పెడితే నాలుగు రోజుల్లో బూజు పడుతుంది. ఎందుచేతనంటే గాలిలో, నీటిలో, మన చేతుల మీద కంటికి కనిపించని సూక్ష్మజీవులు వుంటాయి. మనలాగే వాటికీ తిండీ, నీరూ కావాలి. వాటి ఆట కట్టించే కాపలాదార్లు తొక్కులో ముగ్గురున్నారు.

మొదటివాడు ఉప్పు. కిలో పచ్చికాయలు కడిగి, తడి లేకుండా తుడిచి, ముక్కలు కోసి, సుమారు 100 గ్రాముల ఉప్పు కలిపి జాడీలో పెడతారు. మర్నాడు చూస్తే జాడీలో ఊట! మనం చుక్క నీరైనా పొయ్యలేదే? అది ముక్కలలోని నీరే. ఉప్పు దాన్ని బయటికి లాగింది. సూక్ష్మజీవి ఒంట్లో నీటిని కూడా ఉప్పు అట్లాగే లాగేస్తుంది. ఇక అదేం పెరుగుతుంది?

రెండోవాడు పులుపు. పండుకన్న పచ్చికాయలోనే పులుపు ఎక్కువ. అది చాలదని, ముక్కలను పిండి ఎండబెట్టి, ఆ ఊటలో చింతపండు నానవేస్తారు. తరవాత కారం, ఆవపిండి, మెంతిపిండి చేర్చి నూరుతారు.

మూడోవాడు నువ్వులనూనె. పైన తేలి గాలిని అడ్డుకుంటుంది. గాలి లేనిదే బూజు పెరగదు.

అయితే గాలి లేనిచోటే హాయిగా పెరిగే సూక్ష్మజీవి ఒకటున్నది. దాని పేరు క్లాస్ట్రిడియం బొట్యులినం. మట్టిలో వుంటుంది. దాని బీజాలు మరిగే నీటిలో కూడా చావవు. అది పుట్టించే విషానికి రంగూ, రుచీ, వాసనా లేవు. కాని ప్రాణం తియ్యగలదు. అదృష్టవశాత్తూ, గట్టి పులుపులో ఆ బీజాలు మొలకెత్తలేవు. కనక నూనె వున్నది గదా అని ఉప్పూ, పులుపూ తగ్గించరాదు.

నాలుగో కాపలాదారు వేడి. ఫ్రాన్సులో నికొలా అప్పేర్ అనే మిఠాయిల వ్యాపారి ఆహారాన్ని సీసాలలో నింపి, బిరడా బిగించి, మరిగే నీటిలో వుంచి నిలవచేశాడు. 1810లో ప్రభుత్వం ఆయనకు 12,000 ఫ్రాంకులు బహుమానమిచ్చింది. తమాషా ఏమంటే, అది ఎందుకు చెడటం లేదో ఆయనకే తెలియదు! సూక్ష్మజీవుల సంగతి 1860ల్లో లూయీ పాశ్చర్ వివరించాడు.

పచ్చి టమాటాలనూ ఇట్లా నిలవచెయ్యవచ్చు. ఈ పని పెద్దవాళ్ళే చెయ్యాలి. ఇందుకోసమే తయారుచేసిన మూతల సీసాలు కావాలి. అరలీటరు సీసాలో చిన్న చెమ్చాకు నాలుగోవంతు నిమ్మ ఉప్పు వేసి, కాయ చెక్కలు, వేడినీరు నింపి, పైన అరంగుళం ఖాళీ వుంచి మూత పెట్టాలి. తరవాత సీసా మునిగేటంత నీటిలో వుంచి మరిగించాలి. సముద్రపు వొడ్డు వూళ్ళలో 40 నిమిషాలు చాలు. జహీరాబాదులో 45 నిమిషాలు కావాలి! ఎందుకంటారా? ఎత్తుకు పోయినకొద్దీ గాలి వొత్తిడి తగ్గి, నీరు తక్కువ వేడికే మరుగుతుంది. జహీరాబాదులో సుమారు 98 డిగ్రీలకే నీరు తెర్లుతుంది. వేడి తగ్గింది గనక సమయం పెంచాలి.

సీసా మూత ఉబ్బినా, తీయగానే బుస్సుమని పొంగినా వేలితో కూడా రుచి చూడకండి. వెంటనే పెద్దవాళ్ళకు చెప్పండి.

చేసి చూడండి: ఒక పచ్చి టమాటాను రెండు చెక్కలు చెయ్యండి. ఒకదానికి ఉప్పు బాగా పట్టించి, రెండిటినీ వేరువేరు గిన్నెల్లో మూతపెట్టి వుంచండి. మర్నాడు ఏ గిన్నెలో నీరు చేరింది? వారం లోపల దేనికి ముందు బూజు పట్టింది? తేదీలు వేసి రాసుకోండి. ఆ ముక్కలు మాత్రం తినకండి!

వచ్చే నెల: పాలు ఎట్లా తోడుకుంటాయి?