అడుగు చేపకూ ఆకలుంటుంది!

అక్వేరియం అడుగున తిరిగే మీసాల చేపలు పాచి, ఎంగిలి మేత తిని బతికేస్తాయని చాలామంది అనుకుంటారు. నిజానికి వేసిన మేతంతా పైన తిరిగే చేపలే మింగేస్తాయి, ఇవి పస్తుంటాయి. అందుకే రాత్రి లైటు తీసేశాక, నీళ్లలో మునిగే మేత బిళ్లలు తెల్లారేసరికి మిగలనంతగా వేయండి. సక్కర్ చేపకైతే వీటితో పాటు వారానికి రెండుసార్లు, ఉప్పు వేయకుండా ఉడికించిన కీరదోస ముక్క పెట్టండి. మిగిలిన ముక్కను పొద్దున్నే తీసేయాలి. లేదంటే నీళ్లు చెడిపోతాయి.

ఇంకోమాట! సక్కర్ చేప అడుగు దాటి పెరుగుతుంది. తొట్టి చాలట్లేదని సిరిసిల్ల మానేరులోనో, జగిత్యాల, కోరుట్ల చెరువుల్లోనో వదిలేయకండి. దక్షిణ అమెరికా నుంచి వచ్చిన ఈ చేప మన చేపల మేతను లాక్కుంటుంది, జాలర్ల వలలు చింపుతుంది. కొన్న దుకాణంలోనే అడిగి తిరిగి ఇచ్చేయండి.