గాజుగోడ మంచిదే

టోక్యో నగరపు చేపల సంతను చూసివచ్చినవారు సాధారణంగా రెండు మాటలు చెబుతారు. ఒకటి, అక్కడ తిన్న చేప రుచి మరెక్కడా దొరకదని. రెండవది, పాత సంతలో ఉన్న కళ కొత్త సంతలో లేదని, అంతా ఆసుపత్రిలా తెల్లగా, చల్లగా, దూరంగా ఉందని. మొదటి మాటతో నాకు తగవు లేదు. రెండవదానితోనే ఉంది. ఒక మార్గదర్శి వెంట ఆహారయాత్రలో భాగంగా ఆ సంతను చూసిన నాకు, జనం తిట్టుకునే ఆ గాజుగోడే అక్కడి అత్యంత మర్యాద గల వస్తువుగా తోచింది. ఎందుకో చెప్పటానికి ముందు కొంత పూర్వకథ అవసరం.

టోక్యోకు ఎడో అని పేరున్న రోజులలో చేపల సంత నిహొంబాషి వంతెన దగ్గర ఉండేది. తొకుగావా ఇయెయాసు ఒసాకా ప్రాంతపు త్సుకుదా గ్రామం నుంచి జాలరులను రప్పించి, కోటకు చేపలు అందించే బాధ్యత అప్పగించాడనీ, కోటకు పోగా మిగిలినవి అమ్ముకోవటంతో ఆ సంత మొదలైందనీ చెబుతారు. 1923 నాటి మహాభూకంపంలో అది నాశనమైంది. అదే సంవత్సరం జపాను ప్రభుత్వం కేంద్ర టోకు విపణుల చట్టం చేసింది. దాని వెనుక 1918లో బియ్యం ధరలు మండి దేశమంతటా చెలరేగిన అల్లర్ల జ్ఞాపకం ఉంది. తిండిగింజల ధర చీకటిగదులలో కాక పదిమంది ఎదుట తేలాలన్నది ఆ చట్టం ఆంతర్యం. ఆ ఆలోచనకు రూపంగా 1935లో త్సుకిజి సంత వెలిసింది. త్సుకిజి అంటే పూడ్చి నిలబెట్టిన నేల అని అర్థం. 2018 అక్టోబరు 6న అక్కడి లోపలి సంత మూతపడి, అదే నెల 11న తొయోసులో కొత్త సంత తెరుచుకుంది. పాతదాని వైశాల్యం సుమారు 23 హెక్టార్లయితే కొత్తది సుమారు 40 హెక్టార్లు. త్సుకిజిలో బయటి సంత మాత్రం, అనగా చిల్లర దుకాణాలు, తినుబండారాల కొట్లు, కత్తుల అంగళ్ళు ఉండే వీధులు, ఉన్నచోటనే ఉండిపోయింది. కాబట్టి నేటి ఆహారయాత్రకు రెండు ముక్కలు: చూడటానికి తొయోసు, తినటానికి త్సుకిజి.

తొయోసులో వేలంపాట జరిగే చోటును పైనుంచి గాజుపలకల వెనుక నిలిచి చూడాలి. ఇంకొంచెం దగ్గరగా, కింది అంతస్తులో ఒక వేదిక ఉంది కాని దానికి ముందుగా దరఖాస్తు పెట్టుకోవాలి, లాటరీలో పేరు రావాలి. తెల్లవారుజామున అయిదున్నర ప్రాంతంలో పాట మొదలవుతుంది. తోకలు కోసిన ట్యూనాలు వరుసగా పడుకోబెట్టి ఉంటాయి. కొనుగోలుదారులు చేతిలైట్లతో ఆ కోతలోకి తొంగిచూస్తారు, రవ్వంత కండ తీసి వేళ్ళ మధ్య నలిపి కొవ్వు ఎంతుందో పట్టి చూస్తారు. గంట మోగుతుంది. పాటగాడు ఒక లయలో పాడుతుంటే కొనేవారు నోరు మెదపకుండా వేళ్ళతో ధర చెబుతారు. రెప్పపాటులో ఒక చేప అమ్ముడుపోతుంది. అక్కడి నేలకు ఆకుపచ్చ రంగు వేశారు. మాంసపు ఎరుపు దాని మీద తేటగా కనిపించాలని అలా చేశారని మా మార్గదర్శి చెప్పింది. నేల రంగు సైతం చూడవచ్చినవారి కోసం కాదు, కొనవచ్చినవారి కోసం. ఈ ఒక్క వివరంలో ఆ స్థలపు స్వభావమంతా ఉంది.

త్సుకిజిలో ఇటువంటి గాజు ఉండేది కాదు. యాత్రికులు పాట జరిగే చోటికే వెళ్ళేవారు. చూపులు, కెమెరా మెరుపులు, చేపను తాకటాలు ఎక్కువై, 2008 డిసెంబరు నుంచి కొన్ని వారాలపాటు సందర్శకులను పూర్తిగా నిషేధించవలసి వచ్చింది. 2010లో మరొకసారి నిషేధించి, తరువాత సంఖ్యకు పరిమితి పెట్టారు. చివరి సంవత్సరాలలో రోజుకు 120 మందికి మించి రానిచ్చేవారు కాదు. దానికోసం జనం నడిరాత్రి దాటగానే వచ్చి కూర్చునేవారు. కొనేవాని కంటిలోకి మెరుపు పడితే అతడు కండ రంగు సరిగా చూడలేడు. చూడలేకపోతే లక్షల యెన్‌ల లెక్క తప్పుతుంది. సరుకులు మోసే చిన్న బండ్లు ఇరుకు సందులలో దూసుకుపోతుంటాయి, వాటికి అడ్డంగా నిలబడి ఛాయాచిత్రం తీసుకునేవానికి తన ప్రాణం మీద తీపి లేకపోవచ్చు కాని, బండి తోలేవాని బ్రతుకు మాటేమిటి?

"పాత సంతలో జీవం ఉండేది" అనేవారు తెలిసో తెలియకో చెబుతున్నది ఏమిటంటే, ఇతరుల శ్రమ మధ్యలో తాము స్వేచ్ఛగా తిరగగలిగేవారమని. అది జీవం కాదు, చనువు. అడగకుండా తీసుకున్న చనువు. మన ఊరి చేపలరేవులో తెల్లవారుజామున, గంపలు ముందు పెట్టుకుని పాట పాడుకునే స్త్రీల నడుమ నలభైమంది పరదేశులు కెమెరాలు పట్టుకుని నిలబడితే మనకు ఎట్లా ఉంటుంది? విశాఖ రేవులో ఏ చేపలమ్మ అయినా వాళ్ళను రెండు మాటలతో పంపించివేస్తుంది, ఆ రెండు మాటలు నేను ఇక్కడ వ్రాయలేను. జపానువారు మర్యాదస్తులు గనుక గాజు పెట్టారు.

అయితే ఎదుటి వాదంలో న్యాయం లేదని అనను. తొయోసు తరలింపు అంత శుభ్రమైన కథ ఏమీ కాదు. ఆ నేల పూర్వం బొగ్గు నుంచి గ్యాసు తయారుచేసిన కర్మాగారపు నేల. మట్టిలో బెంజీను, ఆర్సెనిక్ వంటి విషాలు బయటపడ్డాయి. 2016 నవంబరులో జరగవలసిన తరలింపును గవర్నరు యురికో కోయికే ఆ ఆగస్టులో వాయిదా వేశారు. భవనాల కింద వేశామని చెప్పిన శుభ్రమైన మట్టిపొర అసలు వేయనేలేదని తరువాత తెలిసింది. వర్తకులలో చాలామంది తరలింపును గట్టిగా వ్యతిరేకించారు. ఒకప్పుడు వెయ్యి దాకా ఉండిన మధ్యవర్తి టోకు దుకాణాలు తరలింపునాటికి సుమారు అయిదువందలకు పడిపోయాయి. పెద్ద పెద్ద విక్రయశాలలు సంతకు రాకుండానే నేరుగా సరుకు కొనుక్కోవటం, ఇళ్ళలో చేప తినటమే తగ్గిపోవటం దీనికి కారణాలు. తండ్రి కొడుకులు చేప కోస్తుంటే ఇంటి ఆడవారు చిన్న గూటిలో కూర్చుని పద్దులు వ్రాసే దుకాణాలు అవి. ఒక్కొక్కటి మూతపడటం నిజమైన నష్టం. కాని గమనించండి: ఆ నష్టానికీ గాజుగోడకూ ఏ సంబంధమూ లేదు. మనం బెంగపెట్టుకున్నది మనకు దక్కని దగ్గరితనం గురించి. వారు పోగొట్టుకున్నది వృత్తి. ఈ రెంటినీ ఒకే నిట్టూర్పులో కలిపివేయటం నాకు నచ్చని సంగతి.

ఇక ఆహారయాత్రల మాట. వీటి మీద నాకున్న ఆక్షేపణ ఇంకొకటి ఉంది. అవి రుచి చెబుతాయి, ధర చెప్పవు. ధర అంటే నేను చెల్లించే ధర కాదు, చేపకు పడే ధర. ప్రతి మార్గదర్శీ చెప్పే కథ ఒకటున్నది. 2019 జనవరి 5న, కొత్త సంతలోని తొలి నూతన సంవత్సర వేలంలో, ఓమా తీరంలో పట్టిన 278 కిలోల నీలిరెక్క ట్యూనాను ఒక సుషీ దుకాణాల యజమాని 33.36 కోట్ల యెన్‌లకు పాడుకున్నాడు. కిలో పన్నెండు లక్షల యెన్‌లు! అప్పటికి అదే అత్యధికం. వినేవారందరూ నోళ్ళు తెరుస్తారు. అది చేప ధర కాదనీ, మరునాటి పత్రికలలో మొదటి పుట ధర అనీ ఎవరూ చెప్పరు. మిగిలిన రోజులలో ట్యూనా ధర దానిలో ఏ మూలకూ రాదు.

చెప్పని కథ మరొకటి. అరవైల దాకా ట్యూనా పొట్టభాగపు కొవ్వుమాంసానికి జపానులో పెద్ద గౌరవం లేదు, పిల్లి కూడా దాటిపోతుందని వేళాకోళం చేసేవారు. శీతలీకరణ పెరిగి, నాలుకలు మారాయి. 1972లో కెనడా తీరపు ట్యూనాను విమానంలో తెచ్చి త్సుకిజిలో అమ్మారు. తిరుగు ప్రయాణంలో ఖాళీగా వచ్చే సరుకు విమానాలను నింపుకోవటానికి వెదికిన ఉపాయమది. అక్కడినుంచి ప్రపంచపు సముద్రాలన్నీ ఒక్క సంత వైపు మొగ్గాయి. పసిఫిక్ నీలిరెక్క ట్యూనా సంతతి, వేటే లేకుంటే ఉండవలసినదానిలో 2.6 శాతానికి దిగజారిందని పదేళ్ళ క్రితం శాస్త్రజ్ఞులు లెక్కకట్టారు. పట్టే చేపలకు పరిమితులు విధించిన తరువాత అది కోలుకుని 2022 నాటికి 23 శాతం దాటిందని 2024 అంచనా చెబుతోంది. ఇది ఎంత మంచి వార్త! మనిషి తన నాలుకను కాస్త అదుపులో పెట్టుకుంటే సముద్రం క్షమిస్తుందని చెప్పే వార్త. త్సుకిజి వీధిలో ఆ ఎర్రని ముక్క నా చేతిలో పెట్టిన క్షణంలో మార్గదర్శి ఈ రెండు అంకెలూ చెప్పి ఉంటే రుచి తగ్గేది కాదు, పెరిగేది.

అన్నట్లు, తెలుగువారికి ఈ సంతతో దూరపు చుట్టరికం లేకపోలేదు. భీమవరం, నెల్లూరు చెరువుల రొయ్య దశాబ్దాలుగా జపాను వెళుతున్నది. అది తెల్లవారుజామున గంట మోగే పాటకు రానక్కరలేదు. గడ్డకట్టిన పెట్టెలలో, వాణిజ్య సంస్థల చేతుల మీదుగా పోతుంది. 2012లో రొయ్యల మేత పాడవకుండా కలిపే ఎథాక్సిక్విన్ అనే రసాయనం మన సరుకులో ఉన్నదని జపాను తిప్పిపంపింది. అప్పటి పరిమితి పదికోట్ల పాళ్ళలో ఒక పాలు. ఆ అంకె మన రైతు ఎన్నడూ విని ఉండలేదు, కాని చెరువు గట్టున ధర నిర్ణయించినది అదే. తరువాత 2014లో ఆ పరిమితిని ఇరవై రెట్లు సడలించారు. టోక్యోలో ఎవరో ఒక పళ్ళెంలో కరకరలాడే రొయ్యను మెచ్చుకునేటప్పుడు, ఉండి దగ్గర ఒక రైతు రాత్రి మెలకువగా ఉండి చెరువులో గాలిచక్రాలు తిరుగుతున్నాయో లేదో చూసుకుంటున్నాడు. సంత అంటే ఇదే. కనిపించని చేతుల గొలుసు. గాజు వెనుక నిలిచి కొంచెం దూరం నుంచి చూసినప్పుడే ఆ గొలుసు నాకు గుర్తుకు వచ్చింది. దగ్గరగా ఉంటే చేపనే చూసేవాడినేమో.

2024 ఫిబ్రవరిలో తొయోసు సంత పక్కనే యాత్రికుల కోసం ఎడో కాలపు వీధిని పోలిన భోజనశాలల సముదాయం తెరిచారు. అక్కడ పదివేల యెన్‌లు దాటిన సముద్రాహారపు గిన్నెలకు స్థానికులు "ఇన్‌బౌన్‌డాన్" అని పేరు పెట్టి నవ్వుకున్నారు. ఇన్‌బౌండ్ అంటే వచ్చే విదేశీ యాత్రికులు, డాన్ అంటే అన్నం గిన్నె. ఆ హాస్యంలో కొంత చేదు ఉంది. అయినా నా ఓటు దానికే. వేడుక కావలసినవారికి వేడుక స్థలం, పని చేసేవారికి పని స్థలం వేరువేరుగా ఉండటం ఇద్దరికీ మేలు.

త్సుకిజి వీధి చివర నమియోకె అనే చిన్న దేవాలయం ఉంది. అలలను ఆపే దేవాలయమని దాని పేరుకు అర్థం. ఆ ప్రాంగణంలో సుషీకి, రొయ్యకు, కోడిగుడ్డుకు కూడా స్మారక శిలలు నిలబెట్టారు. తమ కత్తి కింద పడిన ప్రాణులకు ఆ వృత్తివారు చెప్పుకునే కృతజ్ఞత అది. మాంసాహారులైనా శాకాహారులైనా మన తెలుగువారు ఆ శిలల ముందు ఒక నిమిషం ఆగవచ్చు. చంపి తినటం తప్పా ఒప్పా అన్న మన పాత వాదన అక్కడ కొంచెం చిన్నబోతుంది, తిన్నదాన్ని గుర్తుపెట్టుకుంటున్నామా అన్న ప్రశ్న దానికంటే పెద్దదిగా కనిపిస్తుంది. చాలా ఆహారయాత్రలు ఈ శిలల పక్కనుంచే సాగిపోయి తరువాతి దుకాణంలో ఆగుతాయి. నా మాట మన్నించేవారుంటే, ఆ దుకాణాన్ని ఒకదాన్ని తగ్గించి, ఇక్కడ ఆగమనండి.