సెయింట్ లూయిస్ ప్రపంచ ప్రదర్శనము

వేసవిలో పిల్లలచేతికి ఐస్‌క్రీము కోను నిచ్చునపుడు సోదరీమణులలో నెందరికి సెయింట్ లూయిస్ నగరము జ్ఞప్తికి వచ్చునో యెరుగము. 1904లో అమెరికాలోని ఆ నగరమున జరిగిన ప్రపంచ ప్రదర్శనముననే కోను జనసామాన్యమునకు పరిచితమయ్యెనని చెప్పుదురు. దానిని మొదట చుట్టినవాడను నేనేయని పలువురు వర్తకులు తరువాత వాదులాడిరి. చల్లని తేనీరుకూడ అచ్చటనే పుట్టెననియు, మన దేశపు తేయాకును ప్రచారము చేయవచ్చిన రిచర్డ్ బ్లెచిండెన్ అను దొర యెండకు తాళలేక దానిలో మంచుగడ్డలు వేసెననియు నొక కథ కలదు. ఇది నమ్మదగినది కాదు. 1879 నాటి అమెరికా వంటపుస్తకముననే చల్లని తేనీరు చేయు విధము వ్రాయబడియున్నది.

లూసియానా దేశమును ఫ్రాన్సునుండి కొని నూరేండ్లయిన సందర్భమున ఆ యుత్సవము జరిగినది. ఏప్రిల్ 30న తెరచి డిసెంబరు 1న మూసిరి. సుమారు 1,270 ఎకరముల నేల. వచ్చినవారు రమారమి రెండుకోట్లు. పాలరాతి మేడలవలె దోచిన ఆ భవనములలో ననేకములు కొయ్యచట్రములపై నార కలిపిన సున్నపుముద్దతో పోతపోసినవి. పిమ్మట వానిని పడగొట్టిరి. 1944లో జూడీ గార్లండ్ నటించిన చలనచిత్రమొకటి ఆ ప్రదర్శనమునకై యెదురుచూచు కుటుంబముయొక్క కథ. ఆ దీపకాంతులే అమెరికనుల మనస్సులలో నిలిచిపోయినవి.

మేమును చిరకాలమంతవరకే యెరుగుదుము. అచ్చట మనుష్యులనుకూడ ప్రదర్శనమునకు పెట్టిరని తెలిసిన పిదప ఆ దీపములను మునుపటివలె చూడలేకున్నాము.

ఫిలిప్పీను ద్వీపములు 1898లో అమెరికా వశమైనవి. వానిని జయించిన యుద్ధము 1902లో ముగిసినట్లు ప్రకటించిరి. రెండేండ్లు తిరుగకముందే వేయిమందికి పైగా ఫిలిప్పీనీయులను తెచ్చి, 47 ఎకరములలో పల్లెలు కట్టించి, జనులకు చూపిరి. ఒకవైపున పిలార్ జమోరా అను మనీలా ఉపాధ్యాయిని ఫిలిప్పీను బాలబాలికలకు పాఠములు చెప్పుచుండెను. చూపరులు పాఠశాలనుకూడ వేడుకగా చూచుచుండిరి. అయినను జనము మిక్కిలిగా మూగినది ఇగొరోటులను కొండజాతులవారి పల్లెయొద్ద. వారు పూజాది విశేషసందర్భములందు కుక్కమాంసము తినెడివారు. చూపరుల వేడుకకై అదియే మాటిమాటికి జరుపు తంతయ్యెను. వారి గోచులు సభ్యతకు తగవని పెద్ద చర్చ రేగి, చలాగులు తొడిగింపవలయునని అధికారులు యోచించి, తుదకు మానుకొనిరి. మానము కాపాడవలయునను చింత కలిగినవారికి ఆ మనుష్యులను కంచెలోపల నిలుపుటయందు తప్పు తోచకపోవుట మాకు వింతగా నున్నది. వారిలో పలువురు జీతమునకొప్పుకొని వచ్చినవారే, తమ చేతిపనులమ్మి సొమ్ము గడించినవారే. అది నిజమే.

మౌరా అను యువతియు నట్లు వచ్చినదే. సుయోక్ అను కొండప్రాంతమునుండి పదునెనిమిదేండ్ల ప్రాయమున వచ్చినది. ఉష్ణదేశమునుండి శీతదేశమునకు వచ్చిన కొద్దికాలమునకే న్యుమోనియా సోకి, ప్రదర్శనము తెరువకముందే మృతినొందెను. ఆమె తల్లిదండ్రులకు కబురెప్పుడందెనో, ఎవరు చెప్పిరో! ఇంట నాడపిల్ల నొకనాటి ప్రయాణమునకు పంపి వాకిట నిలుచుండు మన తల్లులకు వేరుగ చెప్పనక్కరలేదు.

ప్రదర్శనమున మరణించిన ఫిలిప్పీనీయులలో కొందరి మెదళ్ళను ఆలెష్ హర్డ్‌లిచ్కా అను శాస్త్రజ్ఞుడు వాషింగ్టనులోని జాతీయ ప్రదర్శనశాలకై తీసికొనెను. ఆ కాలమున తెల్లవారి జాతి యధికమని నిరూపింపగోరు శాస్త్ర మొకటి చెలామణియగుచుండెను. 2023లో వాషింగ్టన్ పోస్ట్ పత్రిక ఈ సంగతిని విపులముగా వెల్లడించినది. ఆ సంస్థ యధిపతి లానీ బంచ్ అదే సంవత్సరమున క్షమాపణ చెప్పెను. నూటపందొమ్మిదేండ్లకు!

ప్రదర్శనమునకై కట్టిన కళాభవనము నేటికిని ఆ నగరపు చిత్రశాలగా నున్నది. పక్షులకై నిర్మించిన గొప్ప పంజరమును నగరమువారు కొని నిలుపుకొనిరి. అది 228 అడుగుల పొడవు గలది, ఇప్పుడు జంతుశాలలోనిది. ఫిలిప్పీను పల్లెలున్న చోట ఇండ్లును వీధులును వెలసినవి. అచ్చట మరణించినవారి పేరులు సేకరించి, వారి సమాధుల జాడలు వెదకువారు ఈ యేండ్లలో బయలుదేరిరి. వారు వెదకుచున్న పేరులలో మౌరా పేరొకటి.