పంపు దగ్గర ఆగిపోయిన హెలెన్ కెల్లర్

పిల్లల కోసం తెలుగులో వచ్చే జీవిత చరిత్రల మీద నాకు చిరకాలంగా ఒక అభియోగం ఉంది. అవి మహనీయుల బాల్యాన్ని చెబుతాయి, కష్టాన్ని చెబుతాయి, ఆ కష్టం గట్టెక్కిన రోజును చెబుతాయి. తర్వాత ఆ మనిషి ఏం చేశారో చెప్పవలసిన చోట బిరుదుల పట్టిక ఇచ్చి చేతులు దులుపుకుంటాయి. ఈ తీరు వల్ల అందరికంటే ఎక్కువ నష్టపోయినది హెలెన్ కెల్లర్ అని నా అభిప్రాయం.

ఆత్మకూరులో నోటుపుస్తకాలమ్మే అంగళ్ళలోనూ, ఉదయగిరి వైపు బడుల్లో బహుమతిగా ఇచ్చే పుస్తకాలలోనూ ఆమె చరిత్రలు నాలుగైదు నా చేతికి వచ్చాయి. పలుచని పుస్తకాలు. అట్ట మీద గౌను వేసుకున్న పిల్ల, పక్కన నీళ్ళ పంపు. కథ అన్నిటిలోనూ ఒకటే. 1880 జూన్ 27న అమెరికాలోని అలబామా రాష్ట్రంలో టస్కంబియా అనే చిన్న ఊళ్ళో పుట్టింది. పందొమ్మిదో నెలలో జబ్బు చేసి చూపూ, వినికిడీ పోయాయి. 1887 మార్చిలో ఆన్ సలివాన్ అనే ఇరవయ్యేళ్ళ ఉపాధ్యాయురాలు వచ్చింది. నెల తిరిగేసరికి పంపు దగ్గర ఒక చేతి మీద నీళ్ళు పడుతుండగా రెండో చేతికి ఆ మాట అందింది. ప్రతి వస్తువుకూ ఒక పేరుంటుందని పిల్లకు తెలిసింది. 1904లో పట్టభద్రురాలయింది. సమాప్తం.

ఆమె 1968 జూన్ దాకా జీవించింది. పంపు దగ్గరి ఘట్టం ఏడో ఏట జరిగినది. మిగిలిన ఎనభై ఏళ్ళూ ఏమైనట్టు?

పోనీ, ఆ ఒక్క ఘట్టాన్నయినా సరిగా చెబుతారా అంటే అదీ లేదు. "అరచేతిలో అక్షరాలు రాసింది" అంటారు. సలివాన్ రాయలేదు. ఒక్కో అక్షరానికి ఒక్కో విధంగా వేళ్ళను మలిచి, ఆ చేతిని పిల్ల చేత తడిమించింది. అది వినపడనివారు వాడే ఒంటిచేతి అక్షరమాల. బోస్టన్‌లోని పెర్కిన్స్ అంధుల పాఠశాలలో, అంతకు యాభై ఏళ్ళ క్రితమే, చూపూ వినికిడీ లేని లారా బ్రిడ్జ్‌మన్ అనే బాలికకు దానితోనే చదువు చెప్పారు. సలివాన్ అదే బడిలో చదువుకుంటూ, అప్పటికి పెద్దదయిన లారాతో మాట్లాడడానికి ఆ విద్య నేర్చుకున్నది. కనుక పంపు దగ్గర జరిగినది మహత్తు కాదు, ఒక బడి అర్ధశతాబ్దం పాటు చేసిన పనికి ఫలితం. ఈ సంగతి పిల్లలకు చెబితే కథలో రసం తగ్గిపోతుందని రచయితలు భయపడతారు కాబోలు. నాకు మాత్రం పెరుగుతుందనిపిస్తుంది.

సలివాన్ కథ ఇంకా అన్యాయమైపోయింది. ఆమె కళ్ళు చిన్ననాడే ట్రకోమా వల్ల దెబ్బతిన్నాయి. తల్లి పోయాక తమ్ముడితో కలిసి ట్యూక్స్‌బరీలోని దిక్కులేనివారి ఆశ్రమంలో పెరిగింది. ఆ తమ్ముడు అక్కడే చనిపోయాడు. మన పుస్తకాలలో ఆమె ఆకాశం నుంచి ఊడిపడిన ఆదర్శ ఉపాధ్యాయురాలు.

ఇక ఆ ఎనభై ఏళ్ళ సంగతి. 1906లో మసాచుసెట్స్ రాష్ట్రం అంధుల కోసం వేసిన కమిషన్‌లో హెలెన్ సభ్యురాలయింది. అక్కడ ఆమె వేసుకున్న ప్రశ్న ఒక్కటే: ఈ గుడ్డితనం ఎక్కడి నుంచి వస్తున్నది? పుట్టిన బిడ్డ కళ్ళలో వెంటనే మందు చుక్కలు వేస్తే తప్పిపోయే అంధత్వం ఎంతో ఉన్నదని తెలిసింది. అది తండ్రి నుంచి తల్లికి, తల్లి నుంచి బిడ్డకు వచ్చే సుఖరోగం కనుక మర్యాదస్తులెవరూ పైకి అనేవారు కాదు. ఆమె పత్రికలలో బాహాటంగా రాసింది. మిగిలిన దానిలో ఫ్యాక్టరీ ప్రమాదాలవల్ల, పేదరికంవల్ల వచ్చేది ఎంతో ఉందని గ్రహించింది. 1909లో సోషలిస్టు పార్టీలో చేరింది. స్త్రీల ఓటుహక్కు కోసం, యుద్ధానికి వ్యతిరేకంగా మాట్లాడింది. 1920లో అమెరికన్ పౌరహక్కుల సంఘాన్ని స్థాపించిన వారిలో ఆమె ఒకరు. అంతకు ముందు ఆమెను ఆకాశానికెత్తిన బ్రూక్లిన్ పత్రికా సంపాదకుడొకడు, ఆమె సోషలిస్టు అని తెలియగానే, ఆ పొరపాటుకు ఆమె లోపాలే కారణమన్నాడు. 1912లో ఆమె అతనికి ఘాటైన సమాధానమిచ్చింది. పుస్తకాలకు కావలసిన నాటకీయత ఇందులో లేదా?

పిల్లలకు రాజకీయాలెందుకని అడగవచ్చు. మా ప్రాంతం సంగతే చెబుతాను. ఆత్మకూరు వైపు పెన్న ఉంది, సోమశిల ఉంది. ఉదయగిరి మెట్టలో చాలా పల్లెలకు బోరు నీరే గతి. ఉదయగిరి, వరికుంటపాడు వైపు ఆ నీటిలో ఫ్లోరైడు ఎక్కువ. లీటరుకు ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటితే తాగకూడదంటారు. పళ్ళ మీద గోధుమరంగు చారలు, బిగుసుకుపోయే కీళ్ళు, వంగిపోయే వెన్ను. ఇది కొత్త సంగతి కాదు. మన దేశంలో ఈ జబ్బు గురించి 1937లో షార్ట్ అనే వైద్యుడూ ఆయన సహచరులూ తొలిసారిగా ప్రకటించినది నాటి నెల్లూరు జిల్లాలో చూసినదాని గురించే. తాత వెన్ను ఎందుకు వంగిపోయిందో చూస్తూ పెరిగే పిల్లకు, అవిటితనం వెనుక నీరుంది, కూలి ఉంది, ప్రభుత్వముంది అని చెప్పిన హెలెన్ కెల్లర్ ఎంత దగ్గరి మనిషి! అట్ట మీద నీళ్ళ పంపు వేసి ఆ పిల్లకు మనమిచ్చే పుస్తకంలో ఆ మాట ఒక్కటే లేదు.

దాని బదులు ఉన్నది సంకల్పబలం. "కళ్ళూ చెవులూ లేని పిల్లే చదివింది, నీకేం రోగం?" అని మార్కులు రాని పిల్లవాడిని దెప్పడానికి ఆ పుస్తకం బాగా పనికొస్తుంది. అదే తరగతిలో వెనక బల్ల మీద కూర్చున్న వినపడని పిల్లకు అది ఎలా తగులుతుందో ఎవరూ ఆలోచించరు. హెలెన్‌కు పూర్తికాలపు గురువు ఉంది. కళాశాల చదువుకు స్టాండర్డ్ ఆయిల్ కంపెనీకి చెందిన హెన్రీ రోజర్స్ డబ్బిచ్చాడు, మార్క్ ట్వేన్ పూనుకోవడం వల్ల. తన విజయంలో పుట్టుకకూ పరిసరాలకూ వాటా ఉందని, పైకి రాగల శక్తి అందరి చేతుల్లోనూ ఉండదని ఆమే తరువాతి రచనలలో ఒప్పుకున్నది. పుస్తకాలు ఒప్పుకోవు.

ఆమెను దేవతను చేయమని నేననను. 1915లో చికాగోలో, తీవ్రమైన లోపాలతో పుట్టిన ఒక శిశువుకు శస్త్రచికిత్స చేయకుండా వదిలేసిన వైద్యుడిని ఆమె సమర్థించింది. ఇవాళ చదివితే మనసు కలుక్కుమంటుంది. ఎనిమిదో తరగతి దాటిన పిల్లలకు అదీ చెప్పవచ్చు. వాదించుకోనివ్వండి.

2016 నాటి వికలాంగుల హక్కుల చట్టంలో చూపూ వినికిడీ రెండూ లేకపోవడం కూడా చేరింది. 1955లో, డెబ్భై నాలుగేళ్ళ వయసులో, హెలెన్ మన దేశమంతా తిరిగి, అంధులకూ వినపడనివారికీ చదువు చెప్పించండని నెహ్రూ దాకా అడిగి వెళ్ళింది. తెలుగులో ఇవన్నీ ఉన్న పిల్లల పుస్తకం ఎవరైనా వేసి ఉంటే దయచేసి తెలియజేయండి. ఆత్మకూరుకు పది ప్రతులు, ఉదయగిరికి పది ప్రతులు నేనే కొంటాను.